ముప్పై ఐదు శాతం కాలు

1997 జూన్. సూరత్‌లో ఖటోదరా అనే పేటలో ఒక పవర్‌లూమ్ షెడ్డు. లోపల మగ్గాల మోత, బయట వాన మోత, రెండింటికీ మధ్య తలుపు పక్కన ఒక పొడవాటి బల్ల. ఆ బల్ల వెనక నేను. నా ఉద్యోగం పేరు గ్రే చెకర్. మగ్గం మీంచి దిగి, ఇంకా రంగూ మెరుపూ ఎక్కని బట్టను గ్రే అంటారు. అటూ ఇటుగా నూరు మీటర్ల గ్రేను ఒక తాకా అంటారు. తాకాను బల్ల మీద పరిచి మీటరు మీటరూ లాగుతూ తప్పులు పట్టడం నా పని. పోగు తెగిందా, నూనె మరక పడిందా, అంచు సాగిందా అన్నీ చూసి, పాస్ అని రాయాలి, లేదా వెనక్కి కొట్టాలి. తప్పుకు మా బల్ల మీద వాడుక మాట డ్యామేజీ. ఈ ఉద్యోగంలో స్నేహితులు తక్కువ, నమస్కారాలు ఎక్కువ.

పదిహేనేళ్ళు ఆ పని చేశాక కళ్ళు మన మాట వినడం మానేస్తాయి. ఒకసారి మా వాళ్ళ పెళ్ళిలో, పెళ్ళికొడుకు పంచెలో రెండు పోగులు జంటగా పడ్డాయని పీటల దగ్గరే పైకి అనేశాను. అందరూ వంగి పంచె వెతకడంలో పెళ్ళి అరగంట ఆగింది. ఇది పచ్చి అబద్ధమని మా ఆవిడ అంటుంది. ఆవిడ లెక్కలో పావుగంటే ఆగిందట.

మా బల్లకు ఒక ఆనవాయితీ ఉంది. నేతగాడు డ్యామేజీని తనంతట తాను చెప్పడు. అతడు దాస్తాడు, నేను పడతాను. ఇందులో ఎవరికీ కోపాలు లేవు, ఎవరి పని వాళ్ళది. తప్పున్న చోటును మడత లోపలికి తోస్తారు. మరక మీద సుద్ద పొడి రుద్దుతారు. అన్నిటికంటే గట్టి ఉపాయం, సరిగ్గా ఆ మీటరు బల్ల మీదికి వచ్చే క్షణంలో, "అన్నా, మీ అత్తమ్మకు పానం ఎట్లున్నది?" అని అడగడం. మా అత్తగారు పోయి అప్పటికి ఆరేళ్ళు. అయినా తాకాకు ఒకసారి చొప్పున ఆవిడ ఆరోగ్యం గురించి నేను చెబుతూనే ఉండేవాణ్ణి.

ఇలా అడగడంలో రాజమల్లును మించినవాడు లేడు. మాది కరీంనగర్ జిల్లా, అతడిదీ అదే. పర్వత్ పాటియా అనే పేటలో ఒకే వరుస గదుల్లో ఉండేవాళ్ళం. మగ్గం దగ్గర పులి, సార్లనేవాళ్ళ ముందు పిల్లి. ఒకరోజు చేతిలో తాకా లేకుండా బల్ల దగ్గరికి వచ్చి నిలబడ్డాడు.

"అన్నా, జర మాట్లాడాలె."

"తాకా ఏది?"

"తాకా కాదే. మా స్వరూప ముచ్చట."

స్వరూప అతడి కూతురు. పదమూడేళ్ళు. రెండేళ్ళ వయసులో పోలియో వచ్చి కుడికాలు సన్నబడింది. ఇనుప కమ్మీలూ తోలు పట్టీలూ ఉన్న ఆసరా ఒకటి ఆ కాలికి కట్టుకుని నడుస్తుంది. దాన్ని క్యాలిపర్ అంటారు. దాని టకటకలు వినే మా వరుసలో ఆడవాళ్ళు పొయ్యి మీద చాయ్ పెట్టేవాళ్ళు, బడి వదిలిన గుర్తుగా. కాలికి వచ్చిన జబ్బు నాలుక వైపు మాత్రం పోలేదు. అమ్మతో తెలుగు, దుకాణాల్లో గుజరాతీ, కొట్లాటకు హిందీ. ఏడో తరగతి కార్పొరేషన్ బడిలో ఫస్టున పాసయింది. ఎనిమిదికి మేం ఉండే పేటలోనే, ట్రస్టు వాళ్ళు సర్కారు గ్రాంటుతో నడిపే హైస్కూలుకు వెళ్ళాలి.

"ఫారం తీసుకపోతే వాపసు ఇచ్చిండ్రే," అన్నాడు రాజమల్లు. "ఎనిమిదో తరగతి రెండో అంతస్తుల ఉన్నదట. పిల్ల ఎక్కలేదట. ఇంటికాడ ఉంచుకోండ్రి అన్నడు సారు."

"నువ్వేమన్నవ్?"

"నేనేమంట? అచ్ఛా అన్న. సారు గదా."

"నీ తెలివి సల్లగుండ."

"ఆమె రెండు దినాల సంది అన్నం తింటలేదు. మా ఇంటామె కండెలు చుట్టే మిషన్ పక్కన పీట గూడ ఏసింది, ఇగ ఇంట్లనే ఉంటది గదా అని. నువ్వు రావాలె అన్నా. నీకు ఇంగ్లీషు వస్తది."

నాకొచ్చిన ఇంగ్లీషు నూలు పెట్టెల మీద అచ్చు వేసి ఉన్నంత. అయినా మనకు ఒకటి వచ్చునని ఎదుటివాడు నమ్మినప్పుడు కాదనడం మర్యాద కాదు. మరుసటి రోజు పొద్దున ఇస్త్రీ చొక్కా తొడుక్కుని, తండ్రినీ కూతుర్నీ వెంటబెట్టుకుని బడికి వెళ్ళాను.

హెడ్మాస్టరు నట్వర్‌భాయ్ సార్ సన్నగా, శుభ్రంగా, పాలలో నానబెట్టినట్టు మెత్తగా మాట్లాడే మనిషి. ఆయన గుజరాతీ మాట్లాడాడు, స్వరూపా గుజరాతీయే. నేను హిందీ. అన్నీ కలిపి తెలుగులో చెబుతాను.

"తమరెవరు?" అన్నాడు.

"ఇన్‌స్పెక్షన్ లైన్‌లో ఉంటాను సార్," అన్నాను.

ఇందులో ఒక్క అక్షరం అబద్ధం లేదు. ఆయన సగం లేచి కుర్చీ చూపించి చాయ్ తెప్పించాడు. చాయ్ సగం తాగాక, ఇన్‌స్పెక్షన్ బట్టలదని తేలింది. అప్పటికి కప్పు వెనక్కి తీసుకునే వీలు లేదు.

"ముప్పై ఎనిమిది మెట్లు, భాయ్," అన్నాడాయన. "నేను ఎక్కితేనే ఇరవయ్యో మెట్టు దగ్గర ఆగి, పిల్లల్ని గమనిస్తున్నట్టు నటిస్తాను. ఈ పిల్ల పడితే జవాబు ఎవరు చెప్పాలి?"

"నేను కూర్చుని ఎక్కుతాను సార్," అంది స్వరూప. "మా ఇంటి దగ్గర డాబా మీదికి అట్లాగే ఎక్కుతాను."

"ఆడపిల్లవు. రోజూ అందరి ముందూ దేకుతూ ఎక్కుతావా?"

ఆయన జాలితోనే అన్నాడు. స్వరూప మాత్రం వంగి, బిగించే ఉన్న క్యాలిపర్ పట్టీని మళ్ళీ బిగించుకుంది. రాజమల్లు అచ్ఛా అనడానికి నోరు తెరిచాడు. నేను అతడి కాలు తొక్కాను.

"చట్టమేమీ లేదా సార్?" అన్నాను, ఏదో ఒకటి అనాలి కాబట్టి.

నట్వర్‌భాయ్ సార్ సొరుగు లాగి ఒక కాగితం తీశాడు. అబద్ధం ఆడలేని మనిషి. అదొక్కటే ఆయన బలహీనత.

"లేకేం? వికలాంగుల చట్టం 1995లో చేశారు. ఇదిగో సర్క్యులర్. ఇలాంటి పిల్లల్ని మామూలు బళ్ళలోనే కలుపుకోవడానికి చూడాలి. పద్దెనిమిదేళ్ళ దాకా ఉచితంగా, వాళ్ళకు అనువైన చోట చదువు అందాలి. కట్టడంలో అడ్డాలుంటే తొలగించే ఏర్పాటు చేయాలి. అంతా ఉంది."

"మరింకేం సార్!"

"ఈ పిల్ల ఆ చట్టం కిందికి రావాలిగా. పెద్దాసుపత్రిలో మెడికల్ బోర్డు చూసి, వైకల్యం నలభై శాతానికి తగ్గకుండా ఉందని సర్టిఫికెట్ ఇవ్వాలి. అది తెండి, మాట్లాడదాం. నెలాఖరుకు అడ్మిషన్ రిజిస్టర్ మూసేస్తాం."

బోర్డు వారానికి ఒక్కరోజే, బుధవారం కూర్చుంటుంది. మా చేతిలో రెండు బుధవారాలున్నాయి.

ఇక్కడ మేం చేసిన పని నేతపని వాళ్ళు తప్ప భూమ్మీద ఇంకెవరూ చేయరు. పిల్లను డాక్టరు ముందుకు తీసుకెళ్ళడమంటే మాకు తెలిసింది ఒకటే. అదొక చెకింగ్ బల్ల. బల్ల ముందుకు వెళ్ళేటప్పుడు సరుకును ఎలా తయారుచేస్తామో పిల్లనూ అలాగే తయారు చేశాం. వాళ్ళమ్మ రాజవ్వ క్యాలిపర్ కనబడకుండా నేల దాకా లంగా కుట్టింది. కమ్మీల కీలుకు రాజమల్లు మగ్గం నూనె పోశాడు. టకటక ఆగిపోయింది. ఆ సాయంత్రం మా వరుసలో ఎవరూ చాయ్ పెట్టలేదు, బడి నుంచి పిల్ల ఇంకా రాలేదనుకుని. ఆ పిల్లకు ఇంకా బడే దొరకలేదని గుర్తురావడానికి గంట పట్టింది.

నేను పీట మీద డాక్టరునై కూర్చుని నడక నేర్పించాను. గుమ్మం నుంచి పీట దాకా నాలుగే అడుగులు. కుడికాలు పడే రెండో అడుగుకు సరిగ్గా రాజమల్లు, "సార్, టైమెంతయింది?" అని అడగాలి. పదిసార్లు చేయించాక నేనే నమ్మేటంత బాగా వచ్చింది.

స్వరూప ఆగి నడుం మీద చేయి పెట్టింది. నన్ను పెద్దబాపు అంటుంది, అంటే పెదనాన్న.

"పెద్దబాపు, కాలు బాగలేదని రాయించుకునేటందుకే గదా పోతున్నం?"

"అవును బిడ్డా."

"మరి బాగున్నట్టు ఎందుకు నడవాలె?"

రాజమల్లు నా వైపు చూశాడు. పదిహేనేళ్ళ అనుభవమంతా కూడగట్టుకుని చెప్పాను. "డాక్టరు మస్తు చదువుకున్నోడుంటడు బిడ్డా. పట్టుకునుడు ఆయన పని. మనమే ఎదురుపోయి చూపెడితే అనుమానం రాదా?"

"అవునే పోరీ," అన్నాడు రాజమల్లు. "డ్యామేజీ ఉన్నదని ముందుగాల్నే చెప్పినోన్ని ఎవడన్న నమ్ముతడా? గిది చెప్పిండంటే ఇంకెంత దాచిండో అంటరు."

పిల్ల మా ఇద్దరినీ మార్చి మార్చి చూసింది. పెద్దవాళ్ళం, ఇద్దరమూ ఒకే మాట మీద ఉన్నాం. ఏం చేస్తుంది పాపం!

బుధవారం ఆసుపత్రిలో వరుస ఎంత పొడుగంటే, మేం నిలబడ్డప్పుడు మా ముందాయన గడ్డం అప్పుడే గీసుకుని వచ్చినట్టు నున్నగా ఉంది. మా వంతు వచ్చేసరికి ఆయన గడ్డం దువ్వుకుంటున్నాడు. లోపల బల్ల వెనక ఒక డాక్టరమ్మ. కళ్ళద్దాలు ముక్కు చివరికి జారి ఉన్నాయి. పొద్దున్నుంచి ఎంతమందిని చూసిందో, ఎదురుగా ఉన్నవాళ్ళ మొహాలు చూడటం ఎప్పుడో మానేసింది.

"ఏ కాలు?"

స్వరూప, మేం నేర్పినట్టే, ఎడమకాలు చాపింది. డాక్టరమ్మ మోకాలి కింద చిన్న సుత్తితో తట్టింది. కాలు ఎగిరి బల్లను తన్నింది, బల్ల మీది పెన్ను కింద పడింది.

"ఇందులో ఏముంది?" అంది డాక్టరమ్మ.

"ఏం లేదు మేడమ్! మస్తుంది!" అన్నాడు రాజమల్లు గర్వంగా.

"నడు."

నాలుగు అడుగులు. చప్పుడు లేదు. రెండో అడుగుకు రాజమల్లు టైము అడిగాడు, డాక్టరమ్మ గడియారం చూసి చెప్పింది కూడా. లంగా అంచు కింద ఇనుము మెరిసినట్టుంది. "క్యాలిపర్ ఉందిగా. ఏదో కొంచెం ఉంటుందిలే," అని ఒక అంకె వేసి సంతకం పెట్టింది. "నెక్స్ట్."

బయటికి రాగానే రాజమల్లు నన్ను కావలించుకున్నాడు. "పట్టలేదన్నా! మేడమ్ పట్టలేదు!"

నిజం చెప్పాలి. నాకూ ఛాతీ ఉబ్బింది. పదిహేనేళ్ళు పట్టుకోవడమే తప్ప, దాచిపెట్టి గెలవడంలో ఇంత రుచి ఉంటుందని తెలియదు. కాగితం స్వరూప చేతిలో ఉంది. అందులోంచి తల ఎత్తకుండా అంది.

"ముప్పై అయిదు రాసింది. నలభై గావాలె గదా?"

వానలో అలాగే నిలబడిపోయాం. గొడుగు ఉంది. తెరవాలని ఎవరికీ తోచలేదు.

మరుసటి రోజు ఆ కాగితం తీసుకునే బడికి వెళ్ళాం. ఐదు శాతం దగ్గర నట్వర్‌భాయ్ సార్ మనసు కరుగుతుందేమోనని ఆశ. ఆయన రెండుసార్లు చదివి కాగితం జాగ్రత్తగా మడిచాడు.

"నలభై లేదు. అంటే చట్టం ప్రకారం ఈ పిల్లకు చెప్పుకోదగ్గ వైకల్యం లేదు."

"మంచిది సార్. అయితే మామూలు పిల్లలాగే చేర్చుకోండి."

"ఎలా చేర్చుకుంటాను? మెట్లు ఎక్కలేదుగా."

"సార్, ఒక్కమాట చెప్పండి. కాలు బాగుందా, బాగాలేదా?"

ఆయన చాలాసేపు ఆలోచించాడు. నన్ను వేళాకోళం చేయడానికి కాదు, నిజంగానే ఆలోచించాడు.

"కాగితం ప్రకారం బాగుంది," అన్నాడు. "మెట్ల ప్రకారం బాగాలేదు."

బయట వరండా చివర స్వరూప ఆగిపోయింది. ఏడుస్తుందేమో అనుకున్నాను. ఏడిస్తే బాగుండేది.

"మీరిద్దరు కలిసి నన్ను తాకా లెక్క మడత పెట్టిండ్రు," అంది. "ఒక్కసారన్న నన్ను అడిగిండ్రా? నీకెట్లుంటది, ఎంత దూరం నడుస్తవు, ఏడ నొస్తది అని? కండెల పీట మీద కూసునేది నువ్వా పెద్దబాపు, నేనా?"

"మాఫ్ చెయ్ బిడ్డా," అన్నాను.

"మాఫ్ తర్వాత. వచ్చే బుధవారం నేను మాట్లాడుత. మీరు నోరు తెరిచిండ్రంటే చూడు!"

రెండో బుధవారం ఆ పిల్ల తయారీ వేరు. నేల లంగా పోయి మోకాళ్ళ దాకా గౌను వచ్చింది. కీళ్ళ నూనెను కిరోసిన్ గుడ్డతో తుడిచేసింది. ఆసుపత్రి వరండా పొడుగునా టకటక, టకటక. మమ్మల్ని గోడ పక్కన నిలబెట్టి తను బల్ల ముందుకు వెళ్ళింది.

"నువ్వు పోయిన వారం రాలేదూ?" అంది డాక్టరమ్మ.

"వచ్చాను మేడమ్. పోయినసారి ఎడమకాలు చూపించాను."

"ఎందుకు?"

స్వరూప వెనక్కి వేలు చూపింది. గోడ పక్కన నేనూ రాజమల్లూ ఉన్నాం. గోడలోకి పోయే దారి వెతుక్కుంటున్నాం.

తర్వాత వంగి పట్టీలు విప్పి, క్యాలిపర్ తీసి డాక్టరమ్మ కాగితాల మీద పెట్టింది. ధన్‌మని మోగింది. అది లేకుండా లేచి నిలబడబోతే మోకాలు లోపలికి మడుచుకుపోయింది. బల్ల అంచు పట్టుకుని ఆపుకుంది. కుడిచేత్తో తొడను గట్టిగా వెనక్కి నొక్కి పట్టి ఒక అడుగు వేసింది. మళ్ళీ నొక్కి ఇంకొకటి. అలా నాలుగు అడుగులు. మేం నేర్పినవీ నాలుగే.

డాక్టరమ్మ పెన్ను ఆగిపోయింది. రాజమల్లు తల దించుకున్నాడు. ప్రతి మీటరూ చూస్తానని గొప్పలు పోయే నేను, పక్క గదిలో పుట్టి పెరిగిన పిల్ల నడక ఆ రోజే చూశాను.

"మీరేం పని చేస్తారు?" అని డాక్టరమ్మ నన్ను అడిగింది.

"తప్పులు పట్టే పని, మేడమ్."

ఆవిడ కళ్ళద్దాలు తీసి బల్ల మీద పెట్టింది. నవ్వడానికో, తిట్టడానికో వెంటనే తేలలేదు. చివరికి నవ్వింది. "మా బోర్డులోకి వస్తారా? మీ అంత బాగా దాచేవాళ్ళను పట్టే మనిషి మా దగ్గర లేరు."

తర్వాత టేపు పెట్టి కొలిచింది. వంచి చూసింది, నొక్కి చూసింది, పక్క గదిలోంచి ఇంకో డాక్టరును పిలిచింది. బయట వరుస గగ్గోలు పెడుతున్నా అరగంట వదల్లేదు. అరవై ఐదు శాతం. పాత కాగితం కొట్టేసి కొత్తది ఇచ్చారు. రాజమల్లు దాన్ని రెండు చేతులా పట్టుకున్నాడు. సంతోషపడాలో బాధపడాలో తెలియని మొహంతో బస్సు దిగేదాకా దాన్నే చూస్తూ కూర్చున్నాడు.

గురువారం నట్వర్‌భాయ్ సార్ ముందు మూడోసారి కూర్చున్నాం. ఈసారి చాయ్ అడగకుండానే వచ్చింది. పోను పోను ఇంటి మనుషులమైపోయాం.

"శుభం. ఇప్పుడు చట్టం వచ్చింది," అన్నాడు. "కానీ మెట్లు పోలేదు."

"ర్యాంపు, అంటే వాలుగా ఉండే దారి, కట్టించొచ్చు కదా సార్?"

"రెండో అంతస్తుకా? పక్క ఊరు నవ్‌సారీ నుంచి మొదలుపెట్టాలి, భాయ్. ట్రస్టీలకు రాస్తాను. పెద్ద ట్రస్టీ ఈ ఊళ్ళోనే, ఆల్థాన్‌లో ఉంటారు. కానీ మీటింగు దీపావళికే."

"రిజిస్టర్ సోమవారం మూస్తారు."

"అదీ నిజమే," అన్నాడు దిగులుగా.

ఒక సంగతి నన్ను తొలుస్తోంది. "ఇంతకుముందు ఇలాంటి పిల్లలు ఎవరైనా వచ్చారా సార్?"

"ముగ్గురు వచ్చారు. మెట్లు చూసి వాళ్ళంతట వాళ్ళే వెళ్ళిపోయారు."

"మా షెడ్డులో ఒక పద్ధతుంది సార్. వరుసగా మూడు తాకాల్లో ఒకే చోట తప్పు వచ్చిందనుకోండి, నేతగాణ్ణి ఏమీ అనం. మగ్గం ఆపి, మగ్గాన్ని చూస్తాం."

ఆయన బల్ల మీద లేని దుమ్మును చేత్తో తుడిచాడు. రెండుసార్లు తుడిచాడు. నేను లేచి నిలబడ్డాను.

"మీ కింది అంతస్తు ఒకసారి చూడనిస్తారా? ఇన్‌స్పెక్షన్ లైన్ కదా నాది."

కింద ఉన్నవి ఆఫీసు, టీచర్లు చాయ్ తాగే గది, తాళం వేసిన మరో పెద్ద గది. తాళం తీయించాం. మూడు కిటికీలు, మంచి వెలుతురు, గోడకు నల్లబల్ల కూడా ఉంది. నేల కనబడకుండా విరిగిన బెంచీలు, వాటి మీద చెదలు పట్టిన మ్యాపులు, అన్నిటి మీదా దర్జాగా పడుకున్న ఒక కుక్క.

"ఇది స్టోరు. ఇవి ఎక్కడ పెట్టను?" అన్నాడు హెడ్మాస్టరు.

"పైన, ఎనిమిదో తరగతి గదిలో," అంది స్వరూప. "ఎనిమిదో తరగతి ఇక్కడికి వస్తుంది. బెంచీలకు నాలుగేసి కాళ్ళున్నాయి కదా సార్, అవి మెట్లు ఎక్కుతాయి."

"కొన్నిటికి మూడే ఉన్నాయమ్మా," అన్నాడాయన. అలవాటు కొద్దీ నిజమే చెప్పాడు.

"మూడున్నా నాకంటే ఎక్కువే సార్."

ఆయన నవ్వాపుకోవాలని చూశాడు. పెదాలు బిగించాడు, కిటికీ వైపు తిరిగాడు, లాభం లేకపోయింది. భుజాలు ఊగాయి. కుక్క లేచి మా అందరి వంకా విసుగ్గా చూసింది.

"కానీ మోసేదెవరు?" అన్నాడు కళ్ళు తుడుచుకుంటూ. "ఉన్నది ఒక్క ప్యూను. వాడికి నడుం నొప్పి."

"మేం మోస్తం సార్," అన్నారెవరో. తిరిగి చూస్తే రాజమల్లు! సారన్నవాడి ముందు అచ్ఛా కాకుండా అతడు అన్న మొదటి మాట అది. అన్నాక తనే భయపడి, "అచ్ఛా?" అని కలిపాడు.

మరుసటి రోజు మా షెడ్డుకు కరెంటు ఇవ్వని వారపు సెలవు. ముప్పైమంది నేతగాళ్ళం వెళ్ళాం. నూలు చుట్టిన బీములు మోసిన భుజాలకు బెంచీలు ఒక లెక్కా! కొన్ని బెంచీలు ఎంత వేగంగా వెళ్ళాయంటే, కుక్క నిద్ర లేవకుండానే రెండో అంతస్తుకు చేరింది. నట్వర్‌భాయ్ సార్ మెట్ల కింద నిలబడి, "మెల్లగా, మెల్లగా" అంటూ, తను ఎక్కాల్సిన పని లేకుండానే చెమటలు కక్కాడు. మధ్యాహ్నానికి కింది గది ఖాళీ. రాజవ్వా మరో నలుగురు ఆడవాళ్ళూ నేల కడిగారు. సాయంత్రం బడి వదిలాక పై నుంచి ఎనిమిదో తరగతి బెంచీలు దించి, పై వరండాలో పేర్చిన విరిగిన బెంచీలను ఆ గదిలోకి తోశాం. ఎనిమిదికి లెక్కలు చెప్పేది హెడ్మాస్టరే అని అప్పుడు తెలిసింది. మా అందరిలోకీ ఎక్కువ సంతోషించిన మనిషి ఆయనే అని నా అనుమానం.

శనివారం పొద్దున రిజిస్టర్‌లో స్వరూప పేరు ఎక్కింది. రాజవ్వ కండెల మిషన్ పక్కనున్న పీట తీసి అటక మీద పడేసింది.

ఇక్కడితో ఆపితే నేను మంచివాణ్ణిగా మిగిలేవాణ్ణి. కానీ సర్టిఫికెట్ నకలు ఒకటి నా దగ్గరే ఉంచుకున్నాను. చొక్కా జేబులో నాలుగు మడతలు పెట్టి తిరిగేవాణ్ణి, ఎక్కడ అన్యాయం కనబడుతుందా అని. జూలైలో ఒక పూట ఏదో పని మీద బడి ముందు నుంచి వెళుతున్నాను. గేటులోంచి చూస్తే, ఎనిమిదో తరగతి లోపల పాఠం జరుగుతోంది. స్వరూప మాత్రం బయట వరండాలో నేల మీద కూర్చుని ఉంది.

నా నెత్తురు మరిగింది. జేబులోంచి కాగితం తీసి, జెండాలా పైకి పట్టుకుని సరాసరి ఆఫీసులోకి వెళ్ళాను. "సార్, 1995 చట్టం ఏమంటుంది? మామూలు పిల్లలతో కలిపి..."

"రండి," అని నట్వర్‌భాయ్ సార్ నన్ను వరండాలోకి తీసుకెళ్ళాడు.

దగ్గరికి వెళితే తెలిసింది. స్తంభం చాటున ఇంకో ఇద్దరు ఆడపిల్లలున్నారు. ముగ్గురి ఒళ్ళోనూ నోటుపుస్తకాలు. క్లాసులో కబుర్లు చెప్పినందుకు, పాఠం పదిసార్లు రాయమని టీచరమ్మ బయటికి పంపిందట. అది వారంలో మూడోసారట. కబుర్ల ముఠాకు నాయకురాలెవరో నేను అడగలేదు, ఆయన చెప్పలేదు.

"ఏమంటారు?" అన్నాడు హెడ్మాస్టరు. "మిగతా ఇద్దరినీ ఉంచి, ఈమెను లోపల కూర్చోబెట్టమంటారా? కాగితం తెచ్చారుగా."

స్వరూప తల ఎత్తి నన్ను చూసింది. హెడ్మాస్టరుకు అర్థం కాకుండా తెలుగులో, పళ్ళ మధ్య నుంచి అంది.

"పెద్దబాపు, పో ఇక్కడికెళ్ళి. నా ఇజ్జత్ తీయకు. ముగ్గురం మాట్లాడినం, ముగ్గురం రాస్తున్నం."

పక్కనున్న పిల్ల ఆమె చెవిలో ఏదో అడిగింది. నేనెవరని కాబోలు. స్వరూప నాకు వినబడేలా గుజరాతీలో జవాబిచ్చింది. "ఎవరో తెలియదు. ఇన్‌స్పెక్షన్ ఆయనట." ముగ్గురూ కిసుక్కున నవ్వారు. లోపల్నుంచి టీచరమ్మ ఇంకో ఐదుసార్లు కలిపింది, ముగ్గురికీ సమానంగా.

"వద్దు సార్," అన్నాను హెడ్మాస్టరుతో. "రాయనీయండి."

ఆ చట్టం దేనికో తెలుసుకోవడానికి నాకు జూన్ నెలంతా పట్టింది. ఆ పిల్లకు నా అవసరం ఏ గుమ్మం దాకా ఉందో, ఏ గుమ్మం దగ్గర నేను చెప్పులు వేసుకుని వెళ్ళిపోవాలో మాత్రం ఆ వరండాలో నిలబడ్డ ఐదు నిమిషాల్లోనే తెలిసింది. కాగితం నాలుగు మడతలూ మళ్ళీ పెట్టి, సాయంత్రం తీసుకెళ్ళి స్వరూపకే ఇచ్చేశాను. కావలసినప్పుడు తనే తీస్తుంది.